తల్లిని బోనెక్కిస్తే బిడ్డకు రక్షణ దొరుకుతుందా?

"ఏం తల్లివమ్మా నువ్వు?"

ఆటిజం ఉన్న బిడ్డను పెంచుతున్న ఏ స్త్రీనైనా అడిగి చూడండి, ఈ మాట ఎన్నిసార్లు పడిందో. బస్సులో హారన్ మోతకి పిల్లవాడు చెవులు మూసుకుని కేకలు పెడితే కండక్టరు అంటాడు. పెళ్ళిపందిట్లో బ్యాండు మేళానికి పిల్ల నేలమీద పడి దొర్లితే చుట్టాలు అంటారు. బళ్ళో టీచరు, ఆస్పత్రిలో డాక్టరు, ఇంట్లో అత్తగారు, చివరికి ఆ బిడ్డ పుట్టుకలో సగం పాలున్న భర్త కూడా అంటాడు. బిడ్డకేం కావాలి అని అడిగేవాళ్ళు తక్కువ. తల్లి ఏం తప్పు చేసింది అని విచారణ జరిపేవాళ్ళు మాత్రం వాకిలి నిండా ఉంటారు.

తల్లులమీద జాలి పుట్టించడానికి ఈ వ్యాసం రాయడం లేదు. జాలి మాకు అవసరానికి మించే దొరుకుతోంది. నేను చెప్పదలచింది వేరు. తల్లిని నిందించే ఈ అలవాటు తల్లినొక్కదాన్నే గాయపరచి ఊరుకోవడం లేదు, బిడ్డ భద్రతనే దెబ్బతీస్తోంది. ఈ పిల్లలకి సాయం ఆలస్యంగా అందడానికి, వాళ్ళు బూటకపు వైద్యాల పాలు కావడానికి, గదుల్లో బందీలు కావడానికి, వాళ్ళమీద లైంగిక దాడి జరిగినా బయటికి పొక్కకపోవడానికి వేరు ఈ నిందలోనే ఉంది. కాబట్టి ఇది వికలాంగుల సమస్య అనుకుని మహిళా ఉద్యమం తన దారిన తాను పోవడానికి వీల్లేదంటున్నాను.

నేనెవరినో చెప్పాలి. నాకు పదహారేళ్ళ కూతురుంది. మూడున్నరేళ్ళప్పుడు దానికి ఆటిజం అని తేలింది. పది పన్నెండు మాటలకు మించి రావు. బొమ్మల అట్టలు చూపించి తనకేం కావాలో చెప్తుంది. తెనాలి ప్రాంతంలో ఒక మహిళా కేంద్రంలో కుటుంబ హింస కేసులు చూడడం నా పని, అందులోకి వచ్చి పదేళ్ళు దాటింది. ఇంట్లో తల్లిగా ఉన్నా, కేంద్రంలో కార్యకర్తగా కూర్చున్నా నాకు అడ్డం వచ్చే గోడ ఒకటే.

ఆటిజం గురించి నాలుగు మాటలు. ఇది అంటువ్యాధి కాదు, పిచ్చి కాదు, పూర్వజన్మ పాపం అసలే కాదు. మెదడు ఎదిగే తీరులోనే ఉన్న తేడా. చిన్నతనంలోనే మొదలై జీవితాంతం ఉంటుంది. తోటి మనుషులతో కలవడంలో, మాటనూ సైగనూ వాడడంలో ఆ తేడా కనబడుతుంది. చేసిన పనే మళ్ళీ మళ్ళీ చేయడం, రోజూ వెళ్ళే దారి మారితే తట్టుకోలేకపోవడం ఉంటాయి. శబ్దం, వెలుతురు, స్పర్శ మనకి తెలిసినట్టు వాళ్ళకి తెలియవు. మిక్సీ తిరిగితే కొందరు పిల్లలకి చెవిలో మేకు దిగినట్టుంటుంది. కాలికి గాజుపెంకు గుచ్చుకున్నా కొందరికి తెలియదు. కొందరు పెద్ద చదువులు చదువుతారు, కొందరికి స్నానం చేయించడానికి కూడా ఎప్పటికీ ఒక మనిషి కావాలి. ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క ప్రకారం 2021లో ప్రపంచంలో 127 మందిలో ఒకరికి ఆటిజం ఉంది. ఆ లెక్కన యాభై అరవై వేల జనాభా ఉన్న మీ మండలంలోనే నాలుగు వందలమంది ఉండాలి. మీరెంతమందిని చూశారు? మిగతావాళ్ళు ఎక్కడున్నారు?

ఇళ్ళలో ఉన్నారు. దాచిపెట్టబడి ఉన్నారు. ఎందుకు దాస్తున్నారో తెలియాలంటే ఈ నింద చరిత్ర తెలియాలి. అది మన అత్తగార్లతో మొదలు కాలేదు. బాగా చదువుకున్న మగవాళ్ళతో మొదలయింది.

1943లో అమెరికాలో లియో కానర్ అనే మానసిక వైద్యుడు 11 మంది పిల్లల గురించి రాసి ఆటిజానికి వైద్యశాస్త్రంలో చోటు కల్పించాడు. (అంతకు పద్దెనిమిదేళ్ళ ముందే, 1925లో, సోవియట్ యూనియన్‌లో గ్రున్యా సుఖరేవా అనే వైద్యురాలు ఇలాంటి పిల్లల గురించి వివరంగా రాసింది. ఆ తర్వాత దశాబ్దాల తరబడి ఆమె పేరు ఎవరికీ గుర్తు రాలేదు. ఎందుకు గుర్తు రాలేదో ఈ పత్రిక పాఠకులకి వివరించి చెప్పనక్కర్లేదు.) ఇది పుట్టుకతో వచ్చేదేనని మొదట రాసిన కానరే, 1949కి వచ్చేసరికి ఈ పిల్లలు మంచు కరగని ఫ్రిజ్‌లో పెట్టినట్టు పెరిగారని తల్లిదండ్రుల మీద రాశాడు. చికాగోలో బ్రూనో బెటెల్‌హైమ్ దాన్ని పట్టుకుని పెద్ద సిద్ధాంతం అల్లాడు. నాజీ నిర్బంధ శిబిరంలో ఖైదీ ఎలా ముడుచుకుపోతాడో, తనను కోరుకోని తల్లి దగ్గర బిడ్డ అలా ముడుచుకుపోతుందని 1967లో పుస్తకమే వేశాడు. ఆయన స్వయంగా ఆ శిబిరాల్లో ఉండి వచ్చినవాడు కనుక జనం నమ్మారు. "ఫ్రిజ్ తల్లి" అన్న మాట వాడుకలోకి వచ్చింది. తల్లినుంచి బిడ్డను విడదీయడమే వైద్యమని చలామణీ అయింది. 1990లో ఆయన పోయాక, ఆయన నడిపిన బడిలో పెరిగిన కొందరు ఆయన తమను కొట్టేవాడని బయటపెట్టారు. తల్లులకి ప్రేమ లేదని తీర్పు చెప్పిన మనిషి సంగతి అది!

ఈ సిద్ధాంతాన్ని కూలదోసింది ఎవరు? 1962లో లండన్‌లో సంఘం పెట్టుకున్న తల్లిదండ్రులు. వారిలో లోర్నా వింగ్ ఒకరు, ఆమె మానసిక వైద్యురాలు, ఆటిజం ఉన్న కూతురికి తల్లి. ఆటిజం ఒకే మూసలో ఉండదు, ఎన్నో స్థాయిల్లో ఉంటుందని ప్రపంచానికి చూపించింది ఆమే. 1964లో అమెరికాలో బెర్నార్డ్ రిమ్‌లాండ్ అనే తండ్రి, స్వయంగా మనస్తత్వ శాస్త్రవేత్త, ఇది పెంపకం లోపం కాదని శాస్త్రీయంగా వాదించాడు. 1969లో కానర్ తల్లిదండ్రుల సభలో నిలబడి, మీ తప్పేమీ లేదని చెప్పవలసి వచ్చింది. 1977లో 21 జతల కవలలమీద జరిగిన బ్రిటన్ పరిశోధన దీనికి మూలం వంశపారంపర్యంలో ఉందని చూపింది. మన దేశంలో 1991లో ఢిల్లీలో యాక్షన్ ఫర్ ఆటిజం సంస్థను మొదలుపెట్టిన మెర్రీ బారువా కూడా ఆటిజం ఉన్న కొడుకును పెంచిన తల్లే. బోనులో నిలబెట్టినవాళ్ళే నిజం వెతికిపెట్టారు.

ఇంత జరిగినా ఆ ఫ్రిజ్ తల్లి చావలేదు. తెలుగు చీర కట్టుకుని మన మధ్యే తిరుగుతోంది. పల్లెలో అయితే, "పిల్లకి వస పోయలేదా?" అని అడుగుతారు. నాలుకమీద వస కొమ్ము రాస్తే మాటలొస్తాయని నమ్మకం. రాయకపోవడం తల్లి నేరం. పట్నంలో అయితే, "ఉద్యోగం మానెయ్యకుండా ఆయా చేతుల్లో వదిలేశావు" అంటారు. ఇప్పుడు కొత్తగా "వర్చువల్ ఆటిజం" అనే మాట వచ్చింది. టీవీల్లో, ఫోన్లలో దీని గురించి చెప్పని డాక్టరు లేడు. తల్లి వంట చేసుకోవడానికి బిడ్డకి ఫోను ఇచ్చిందట, అందువల్ల ఆటిజం వచ్చిందట! ప్రపంచవ్యాప్తంగా డాక్టర్లు రోగనిర్ధారణకు వాడే గ్రంథాల్లో ఇటువంటి పేరు లేనే లేదు. చిన్నపిల్లలకి గంటల తరబడి ఫోను మంచిదని నేననడం లేదు. మాటలు ఆలస్యం కావచ్చు, నిద్ర చెడవచ్చు. కానీ అది ఆటిజానికి కారణం కాదు. పోనీ, ఆ తల్లి వంట చేస్తున్నంతసేపూ తండ్రి ఎక్కడున్నాడని ఆ డాక్టర్లలో ఒక్కరైనా అడిగారా? తండ్రి వయసు పెరిగేకొద్దీ బిడ్డకి ఆటిజం వచ్చే అవకాశం కొంత పెరుగుతుందని పరిశోధనలున్నాయి. వాటిని పట్టుకుని కొడుకును నిలదీసిన అత్తగారిని నేనింతవరకూ చూడలేదు. నింద తండ్రిమీదికి మళ్ళించమని కాదు, ఏ రుజువు దొరికినా దొరకకపోయినా వేలు ఒకవైపే తిరుగుతోందని చెబుతున్నాను.

టీకాల సంగతీ అంతే. 1998లో ఆండ్రూ వేక్‌ఫీల్డ్ అనే బ్రిటిష్ డాక్టరు 12 మంది పిల్లలమీద రాసిన ఒక వ్యాసంతో టీకావల్ల ఆటిజం వస్తుందన్న భయం లేచింది. 2010లో ఆ పత్రికే వ్యాసాన్ని ఉపసంహరించుకుంది, ఆయన డాక్టరీ రిజిస్ట్రేషన్ రద్దయింది. భయం మాత్రం ఈనాటికీ పోలేదు. పిల్లకి సూది వేయించినందుకు తల్లిని తిట్టేవాళ్ళు మా వీధిలోనే ఉన్నారు.

ఇక ఈ నింద బిడ్డను ఎలా తాకుతుందో చూడండి. మా కేంద్రానికి ఒకామె వచ్చింది. కొడుక్కి నాలుగేళ్ళు. పేరు పెట్టి పిలిస్తే తిరిగి చూడడు, కావలసినదాన్ని వేలుపెట్టి చూపించడు, వచ్చిన రెండు మూడు మాటలు కూడా ఏడాదిన్నర దాటాక పోయాయి. రెండేళ్ళప్పుడే ఆమెకి అనుమానం వచ్చింది. భర్తతో అంటే, "నా బిడ్డకి నువ్వే పిచ్చి అంటగడుతున్నావా?" అని కొట్టాడు. "మగపిల్లలకి మాటలు ఆలస్యమేలే, వాళ్ళ నాన్నకి ఐదేళ్ళకి వచ్చాయి" అని అత్తగారు కొట్టిపారేసింది. అంగన్‌వాడీ టీచరుకి చెప్పనివ్వలేదు, ఊళ్ళో తెలిస్తే ఆడపడుచు పెళ్ళి చెడుతుందని. నిజానికి 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం కింద అంగన్‌వాడీల్లో, బడుల్లో పిల్లల్ని పరీక్షించి జిల్లా సత్వర చికిత్సా కేంద్రానికి పంపాలి, పైసా ఖర్చు లేకుండా. అది రెండేళ్ళు జరగనివ్వలేదు. మెదడు వేగంగా ఎదిగే ఆ రెండేళ్ళు తిరిగి రావు. చివరికి డాక్టరు పేరు పెట్టి చెప్పిన రోజున భర్త ఆమెను పుట్టింట దింపి వెళ్ళాడు. ఈ కేసు మా రిజిస్టరులో "వరకట్నం, గృహహింస" కింద ఉంది. మీ రిజిస్టర్లలో కూడా ఇలాంటివి వేరే పేర్లతో ఎన్ని ఉన్నాయో తీసి చూడండి.

ఆడపిల్లల విషయం ఇంకా అన్యాయం. ఆటిజం అబ్బాయిల్లోనే ఎక్కువని చాలాకాలం నమ్మారు. ఇప్పటి పరిశోధనల్లో తేలుతున్నదేమంటే, ఎంతోమంది అమ్మాయిలు లెక్కలోకే రావడం లేదు. మాట్లాడకుండా మూల కూర్చున్న ఆడపిల్లను మనం ఏమంటాం? బుద్ధిమంతురాలు, సిగ్గరి అంటాం. ఎదుటివాళ్ళను చూసి అనుకరిస్తూ, లోలోపల నలిగిపోతూ నెట్టుకొచ్చే పిల్లకి ఆటిజమని ఇరవై ఏళ్ళు దాటినా తెలియదు. నోరు మెదపకపోవడాన్ని ఆడదాని సుగుణంగా లెక్కేసే సమాజంలో, మాట రాకపోవడం ఒక అవసరమని ఎవరికి తోస్తుంది?

నింద నుంచి పుట్టే రెండోది బూటకపు వైద్యం. నీ వల్లే వచ్చిందని అన్నాక తల్లి ఏం చేస్తుంది? ఎలాగైనా నయం చేసి తన మచ్చ పోగొట్టుకోవాలని చూస్తుంది. తాయెత్తుల నుంచి లక్షలు గుంజే మూలకణాల సూదుల దాకా అన్ని అంగళ్ళూ ఆ అపరాధ భావన మీదే నడుస్తున్నాయి. అనుమతి ఉన్న కొన్ని రక్తసంబంధ వ్యాధులు తప్ప మరే జబ్బుకీ, పరిశోధన కింద తప్ప, మూలకణ చికిత్స చేయరాదని ఐ.సి.ఎం.ఆర్. 2017లో మార్గదర్శకాలిచ్చింది. అయినా పుస్తెలు అమ్మి ఆ సూదులు వేయించిన తల్లులు నాకు తెలుసు. మాట నేర్పడం, పని నేర్పడం, బొమ్మలతో సంభాషణ నేర్పడం, ఇంట్లో శబ్దాలు వెలుతురు సర్దడం నిదానంగా జరిగే పనులు. వాటికి హామీపత్రాలుండవు. నయం చేస్తానన్నవాడిని నమ్మకండి అని నా దగ్గరికొచ్చే ప్రతి తల్లికీ చెబుతాను.

మూడోది తాళం. ఆటిజం పిల్లలు హఠాత్తుగా ఇంట్లోంచి వెళ్ళిపోతారు. 2012లో అచ్చయిన అమెరికా అధ్యయనం ఒకటి, నాలుగేళ్ళు దాటాక దాదాపు సగంమంది పిల్లలు కనీసం ఒకసారి అలా వెళ్ళిపోవడానికి ప్రయత్నించారని చెప్పింది. వాళ్ళలో చాలామందికి నీళ్ళంటే ప్రాణం, ప్రమాదమన్నది తెలియదు. ఈ పిల్లల మరణాలకి నీళ్ళలో మునగడం ఒక ముఖ్య కారణమని ఆ దేశపు లెక్కలు చెబుతున్నాయి. మా ప్రాంతం కాలవల మధ్య ఉంది. కాలవ, చెరువు, నుయ్యి, మూత లేని సంపు. పిల్ల కనబడకపోతే ముందు వెతకవలసింది అక్కడ, బస్టాండులో కాదు. ఈ ఒక్క సంగతి ప్రతి పోలీసు స్టేషన్‌కీ, ప్రతి వీధికీ తెలిస్తే ప్రాణాలు నిలుస్తాయి. కానీ ఎవరికి చెప్పాలి? బిడ్డకి ఆటిజమని చెప్పుకోవడమే సిగ్గయినప్పుడు, పక్కింటావిడకి "వదినా, మా పిల్ల ఒంటరిగా కనబడితే పట్టుకుని నాకు ఫోన్ చెయ్యి" అని చెప్పే వీలుండదు. కాబట్టి తాళం వేస్తారు. మంచం కోడుకి కట్టేస్తారు. కట్టేసిన తల్లిని టీవీవాళ్ళు రాక్షసి అని చూపిస్తారు. గంటసేపు ఆ బిడ్డను చూసుకునే మనిషి ఆ వీధిలో ఒక్కరూ లేరన్నది మాత్రం వార్త కాదు!

నేను మా వీధిలో ఇరవై ఇళ్ళకి తిరిగి చెప్పాను. కిరాణా కొట్టాయన దగ్గర, ఆటో స్టాండులో, కాలవ గట్టున బట్టలుతికే వాళ్ళ దగ్గర మా అమ్మాయి ఫోటో ఉంది. పేరు, ఫోన్ నంబరు చెక్కిన కంకణం దాని చేతికుంటుంది. అరిచి పట్టుకోవద్దు, కొట్టొద్దు, పక్కన నిలబడి "ఇంటికి" అన్న బొమ్మ చూపించండి అని చెప్పాను. రెండుసార్లు ఆటోవాళ్ళే తీసుకొచ్చి దింపారు. పిల్ల తప్పిపోతే 112కి, 1098కి వెంటనే ఫోన్ చేయాలి. పిల్లకి మాటలు రావని, నీళ్ళవైపు వెళ్తుందని మొదటి వాక్యంలోనే చెప్పాలి.

అన్నిటికంటే కష్టమైన విషయానికి వస్తాను. ఈ పిల్లల్ని బాగు చేయడమంటే చెప్పినమాట వినేలా చేయడమని చాలా శిక్షణా కేంద్రాలు అనుకుంటాయి. "కూర్చో" అంటే కూర్చోవాలి, "చెయ్యి ఇవ్వు" అంటే ఇవ్వాలి, "ముద్దు పెట్టు" అంటే పెట్టాలి. వినకపోతే చెవి మెలిపెడతారు, చీకటి గదిలో వేస్తారు. మా అమ్మాయిని తీసుకెళ్ళిన ఒక కేంద్రంలో తల్లిని లోపలికి రానిచ్చేవాళ్ళు కాదు. మీరుంటే మొండి చేస్తుంది మేడం అనేవాళ్ళు. మూడో వారంలో దాని మోచేతిమీద గోటి గాట్లు కనబడ్డాయి. అడిగితే తనే గిల్లుకుందన్నారు. మళ్ళీ తీసుకెళ్ళలేదు. తలుపు వేసి తల్లిని బయట కూర్చోబెట్టే ఏ శిక్షణనీ నమ్మవద్దని అందుకే చెబుతున్నాను.

ఆలోచించండి. పెద్దవాళ్ళు ఒంటిమీద ఎక్కడ చెయ్యి వేసినా ఊరుకోవాలని, ఏది చెయ్యమన్నా చెయ్యాలని పదేళ్ళు నేర్పిన పిల్ల, రేపు ఒక దుర్మార్గుడు చెయ్యి వేస్తే ఎలా వద్దంటుంది? విధేయత నేర్పి రక్షణ కోరుకోవడం ఎక్కడి న్యాయం? ఆడపిల్లలందరి విషయంలో మనం ముప్పై నలభై ఏళ్ళుగా చెబుతున్న మాటే ఇది. ఈ పిల్లల దగ్గరికొచ్చేసరికి ఎందుకు మరిచిపోతున్నాం? మా అమ్మాయికి నేను మొదట నేర్పిన బొమ్మ అన్నం కాదు, నీళ్ళు కాదు. అడ్డంగా చాచిన అరచెయ్యి. అంటే వద్దు. అది చూపిస్తే నేను కూడా ఆగాలి. జడ వేస్తుంటే చూపించినా ఆగాలి. మార్కెట్లో దొరికే బొమ్మల అట్టల్లో ఏనుగుంటుంది, విమానముంటుంది. రొమ్ము ఉండదు, యోని ఉండదు, "కొట్టారు" ఉండదు, "భయమేస్తోంది" ఉండదు. మాట రాని పిల్ల చేతిలో ఆ బొమ్మలు లేకపోతే తనకేం జరిగిందో ఏ మేజిస్ట్రేటుకి ఎలా చెబుతుంది?

చట్టం ఉంది. 2012 పోక్సో చట్టం ప్రకారం బిడ్డ వైకల్యాన్ని ఆసరా చేసుకుని చేసిన లైంగిక దాడి మరింత తీవ్రమైన నేరం. వాంగ్మూలం తీసుకునేటప్పుడు ప్రత్యేక ఉపాధ్యాయుల సాయం గానీ, ఆ బిడ్డ భాష తెలిసిన మనిషి సాయం గానీ తీసుకోవచ్చు. 2024 జూలై నుంచి అమలులో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహిత ప్రకారం కూడా వైకల్యం ఉన్న బాధితురాలి ఫిర్యాదును ఆమె ఇంటి దగ్గరే, ప్రత్యేక ఉపాధ్యాయుల సమక్షంలో రాసుకోవాలి, వీడియో తీయాలి. ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్ళిన ఒక కేసులో, చూపులేని యువతిపై జరిగిన అత్యాచారం మీద 2021 ఏప్రిల్‌లో తీర్పు చెబుతూ సుప్రీంకోర్టు, వైకల్యం ఉన్నందువల్ల సాక్ష్యం బలహీనం కాదని స్పష్టం చేసింది. ఈ తీర్పు మన జిల్లాలనుంచే వెళ్ళిందన్న సంగతి మన స్టేషన్లలో ఎంతమందికి తెలుసు? "మాటలు రాని పిల్ల, ఏం కేసు పెడతారమ్మా" అని ఒక ఎస్సై నాతో అన్నాడు. తీర్పు నకలు బల్లమీద పెట్టి కూర్చుంటే గానీ కాగితం కదలలేదు.

రక్షణ పేరుతోనే జరిగిన మరో ఘోరాన్ని మరిచిపోకూడదు. 1994లో మహారాష్ట్రలో, శిరూర్‌లోని ప్రభుత్వ ఆశ్రమంలో ఉన్న బుద్ధిమాంద్యం గల ఆడపిల్లలకి పుణే ప్రభుత్వ ఆస్పత్రిలో గర్భసంచులు తీసేశారు. బహిష్టు శుభ్రత వాళ్ళకి చేతకాదన్నది చెప్పిన కారణం. మహిళా సంఘాలు వీధికెక్కి అడ్డుకున్నాయి. అప్పుడు వేసిన ప్రశ్నే ఇప్పటికీ వెయ్యాలి: గర్భసంచి తీసేస్తే గర్భం రాదేమో గానీ, అత్యాచారం ఆగుతుందా? ఆగకపోగా దాని సాక్ష్యం కూడా మాయమవుతుంది. 2016 వికలాంగుల హక్కుల చట్టం, సంతానశక్తి పోగొట్టే ఏ వైద్యమూ ఆ మనిషి స్వేచ్ఛగా, తెలిసి ఒప్పుకుంటే తప్ప చేయరాదంటోంది. అయినా నా కూతురు పెద్దమనిషయిన నెలలోనే ఒక డాక్టరమ్మ నాకు చెవిలో చెప్పింది, "ఆ సంచి తీయించెయ్యమ్మా, నీకు బాధ తప్పుతుంది" అని. ప్యాడు మార్చుకోవడం బొమ్మలు పెట్టి నేర్పడానికి మాకు ఎనిమిది నెలలు పట్టింది. ఇప్పుడు తనే మార్చుకుంటుంది.

చదువు గురించి క్లుప్తంగా చెబుతాను, ఎందుకంటే చట్టం చెప్పేది స్పష్టంగానే ఉంది, అమలే లేదు. 2009 విద్యాహక్కు చట్టం ప్రకారం పిల్లల్ని కొట్టకూడదు, ప్రాథమిక విద్య పూర్తయ్యేదాకా బడినుంచి తీసెయ్యకూడదు. 2016 చట్టం 40 శాతానికి తక్కువ కాని వైకల్యం ఉన్న పిల్లలకి 6 నుంచి 18 ఏళ్ళ దాకా ఉచిత విద్య హక్కన్నది. ప్రాథమిక స్థాయిలో పదిమంది ప్రత్యేక అవసరాల పిల్లలకి ఒక ప్రత్యేక ఉపాధ్యాయుడుండాలని సుప్రీంకోర్టు 2021లో చెప్పింది. మండలాల్లో భవిత కేంద్రాలున్నాయి. అక్కడ పనిచేసేవాళ్ళు ఏళ్ళ తరబడి కాంట్రాక్టు జీతాలమీద నెట్టుకొస్తున్నారు. ప్రైవేటు బడి అయితే "మిగతా పేరెంట్స్ గొడవ చేస్తున్నారు మేడం" అని ఒక్క వాక్యంలో పంపించేస్తుంది. నన్ను మూడు బడులు అలాగే పంపించాయి.

పంపిస్తే ఎవరింటికి వస్తుంది? తల్లి ఒడిలోకే. అక్కడ ఆమె ఉద్యోగం ఆగిపోతుంది. హిమాచల్ ప్రదేశ్‌లో వికలాంగుడైన కొడుకును చూసుకోవడానికి సెలవు దొరకని ఒక ప్రభుత్వ కళాశాల అధ్యాపకురాలు సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. స్త్రీలు ఉద్యోగాల్లో ఉండడం ఎవరో దయతో ఇచ్చే సదుపాయం కాదని, అది రాజ్యాంగపరమైన అవసరమని కోర్టు 2024 ఏప్రిల్‌లో చెప్పింది. మంచిదే. అయితే ఆ మాట మిరపకాయలు కోసే కూలీకి, ఇళ్ళల్లో అంట్లు తోమే పనిమనిషికి ఏ సెలవు తెచ్చిపెడుతుంది? పింఛను తెలంగాణలో 2023లో 4,016 రూపాయలయింది, ఆంధ్రలో 2024లో 6,000 అయింది. దానికోసం సదరం క్యాంపులో పొద్దున్నుంచి సాయంత్రందాకా నిలబడాలి. మైకుల మోత, తోపులాట, ట్యూబులైట్లు. ఆటిజం పిల్లకి అంతకంటే నరకం లేదు. అక్కడ పిల్ల బెదిరి అరిస్తే, వరసలో ఉన్నవాళ్ళు తల్లివైపు తిరిగి ఏమంటారో మీకు ముందే చెప్పాను.

భర్త వదిలేసిన తల్లులకి కార్యకర్తలు తప్పకుండా చెప్పవలసిన సంగతి ఒకటుంది. బిడ్డకి 18 నిండితే తండ్రి బాధ్యత తీరిపోయిందని వకీళ్ళు కూడా అనేస్తుంటారు. శారీరక, మానసిక వైకల్యంవల్ల తనను తాను పోషించుకోలేని సంతానానికి 18 దాటినా మనోవర్తి ఇవ్వాల్సిందే. పాత నేరశిక్షాస్మృతి 125వ సెక్షనులో ఉన్న ఈ హక్కు ఇప్పటి సంహితలో 144వ సెక్షనులో ఉంది. ఈ ఒక్క మాటతో మా కేంద్రంలో రెండు కేసులు రాజీకొచ్చాయి.

మన సంఘాలమీద కూడా నాకు కోపం ఉంది, దాచుకోను. మన సదస్సులకి పిల్లను తీసుకొస్తే, "పాపం, బయట కూర్చోబెట్టండి" అంటారు. ఇంటిచాకిరీ గురించి గంటలు మాట్లాడతాం. ముప్పై ఏళ్ళు నిండిన కొడుక్కి గడ్డం గీసే తల్లి చాకిరీ గురించి మాట్లాడం. ఇటు వికలాంగుల సంఘాలేమో చక్రాల కుర్చీలో ఉన్న మగవాళ్ళ నాయకత్వంలో నడుస్తూ, మాట రాని పిల్లల తల్లులను వేదిక కిందే ఉంచుతాయి. ప్రభుత్వం "దివ్యాంగులు" అని దేవుళ్ళను చేసి చేతులు దులుపుకుంది. మాకు దివ్యత్వం అక్కర్లేదు, వారానికి రెండు రోజులు పిల్లను భద్రంగా చూసుకునే కేంద్రం మండలానికొకటి కావాలి. అందులో పనిచేసేవాళ్ళకి సరైన జీతం కావాలి. తలుపులు తెరిచి ఉండాలి.

ఇక నా తర్వాత ఎవరు అన్న ప్రశ్న. రాత్రిళ్ళు నిద్ర పట్టనివ్వని ప్రశ్న అదే. 1995 నాటి వికలాంగుల చట్టంలో ఆటిజానికి చోటే లేదు. తల్లిదండ్రులు పోరాడితే 1999లో జాతీయ ట్రస్టు చట్టం వచ్చింది. దాని కింద ప్రతి జిల్లాకీ ఒక స్థానిక స్థాయి కమిటీ ఉంటుంది. కలెక్టరు స్థాయి అధికారి, ఒక స్వచ్ఛంద సంస్థ ప్రతినిధి, వైకల్యం ఉన్న ఒక వ్యక్తి అందులో సభ్యులు. 18 దాటిన ఆటిజం ఉన్నవాళ్ళకి సంరక్షకులను నియమించేది, ఆ సంరక్షకుడు మోసం చేస్తే తొలగించేది ఈ కమిటీయే. ఆస్తి కోసం పిల్లను తమ దగ్గర పెట్టుకుని పస్తులు పెట్టే మేనమామలూ, బాబాయిలూ ఉన్న సమాజంలో ఇది చిన్న విషయం కాదు. పైగా అందులో ఒక కుర్చీ మనలాంటి సంస్థలదే.

మా జిల్లాలో దరఖాస్తు పెట్టడానికి వెళ్తే, ఏ సెక్షనులో ఇవ్వాలో చెప్పడానికే నాలుగు బల్లల దగ్గరికి తిప్పారు. ఐదో బల్ల దగ్గర ఫైలు దొరికింది. మీరు కూడా ఈ సోమవారం ప్రజావాణికో, గ్రీవెన్సుకో వెళ్ళినప్పుడు రాతపూర్వకంగా అడగండి: కమిటీ సభ్యులెవరు? చివరిసారి ఎప్పుడు కూర్చున్నారు? ఎన్ని సంరక్షణ దరఖాస్తులు పెండింగులో ఉన్నాయి? స్వచ్ఛంద సంస్థ కుర్చీలో ఉన్నది ఎవరు, వాళ్ళలో ఒక్క తల్లి అయినా ఉందా? వచ్చిన జవాబులు పత్రికకి పంపండి, జిల్లాలవారీగా వచ్చే సంచికలో వేయమని సంపాదకవర్గాన్ని అడుగుతున్నాను. మా జిల్లా జవాబు నా దగ్గరుంది, ముందు అదే పంపుతాను.